మాటల రచయిత ముళ్లపూడి
(సంఘ సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



మన సర్వీసులో నోటు రాసేది గుమాస్తా, పేరు సంతకం చేసినవారిది. సినిమా రచయితలదీ చాలామటుకు అదే గతి. ఆ గతి పట్టని ఒకరి గురించి నాలుగు మాటలు చెబుతాను.

ముళ్లపూడి వెంకటరమణ గారు 1931లో ధవళేశ్వరంలో పుట్టారు. మన ఖని పక్కనుంచి పోయే గోదావరి నీళ్లే అక్కడి ఆనకట్టకు చేరతాయి. ఆంధ్రపత్రికలో పనిచేశారు, ‘బుడుగు’ రాశారు. 1962లో ‘రక్తసంబంధం’కు మాటలు రాశారు. చిన్ననాటి స్నేహితులు బాపు గారు 1967లో ‘సాక్షి’తో దర్శకులైతే దానికీ రచన వీరిదే. అప్పటినుంచి జనం ‘బాపు రమణల సినిమా’ అనే అన్నారు. రాసినవారి పేరు సంతకం పక్కన నిలవడం నా సర్వీసంతటిలో నేను చూడలేదు!

1975లో ‘ముత్యాలముగ్గు’ వచ్చింది. అందులో కాంట్రాక్టరు అరవడు, కత్తి దూయడు. పొద్దుటి సూర్యుణ్ణి తీరిగ్గా మెచ్చుకుంటాడు; అదే నోటితో ఒకరి కాపురం కూల్చే పని పురమాయిస్తాడు. రావు గోపాలరావు గారు గోదావరి జిల్లా యాసలో నింపాదిగా పలికారు. యాస మనది కాదు గాని, బొగ్గుబాయిల కాడ కాంట్రాక్టర్లను చూసిన మనకు ఆ మనిషిని వేరే చెప్పాలా? బిల్లుల కోసం వచ్చినాయన గుమ్మం దాటగానే మా సెక్షన్‌లో ఎవరో ఒకరు ఆ గొంతు ఎత్తుకునేవారు.

తర్వాత ఈటీవీలో బాపు గారితో కలిసి ‘శ్రీభాగవతం’ చేశారు. ఆఖరున ‘శ్రీరామరాజ్యం’ రాసి, 2011 ఫిబ్రవరి 24న కన్నుమూశారు. సినిమా నవంబరులో విడుదలైంది. పేర్లు పడేటప్పటికి హాల్లో ఉండాలని నేను ముందే వెళ్లి కూచున్నాను.

సెలవు.