లాప్‌టాప్ పోయింది, ఆటలు మిగిలాయి

(ఎపిసోడ్‌లో మాట్లాడినది దాదాపు అలాగే ఇక్కడ పెడుతున్నాం. దగ్గులూ, రెండుసార్లు చెప్పిన మాటలూ మాత్రం తీసేశాం.)

ఫార్మింగ్టన్ హిల్స్ నుంచి మాట్లాడుతున్నాను. బయట మంచు పడుతోంది, పన్నెండో మైలు రోడ్డు మీద బళ్ళు నత్తల్లా పోతున్నాయి, ఇంట్లో అందరూ పడుకున్నారు. ఇలాంటి రాత్రి నాకు పాత ఆటలు గుర్తొస్తాయి.

పోయిన ఎపిసోడ్‌లో మాటవరసకి డేంజరస్ డేవ్ గురించి ఒక ముక్క అన్నాను. దానికి వచ్చినన్ని మెసేజ్‌లు వీసా ఎపిసోడ్‌కి కూడా రాలేదు. అందరిదీ ఒకటే ప్రశ్న. "పాత ఆటలు కొన్ని హార్డ్ డిస్కులో, కొన్ని సీడీల్లో, కొన్ని స్టీమ్‌లో, కొన్ని ఎక్కడున్నాయో తెలియదు. వీటన్నిటినీ ఒక్కచోట పెట్టే సాఫ్ట్‌వేర్ ఏదైనా ఉందా?" ఉంది. ఒకటి కాదు, చాలా ఉన్నాయి. వాటిని లాంచర్లు అంటారు. కానీ పేరు చెప్పేముందు నేను చేసిన తెలివితక్కువ పని ఒకటి చెప్పాలి.

మా తరానికి ఆటలు ఎలా వచ్చాయో మీకు తెలుసు. సికింద్రాబాద్ పార్క్‌లేన్‌లో చెనాయ్ ట్రేడ్ సెంటర్, అదే మన సీటీసీ. అక్కడ మదర్‌బోర్డు కొనడానికి వెళ్ళి, దాంతోపాటు గేముల సీడీ ఒకటి తెచ్చుకునేవాళ్ళం. డిజిట్ పత్రికతో వచ్చే సీడీలో డెమోలు ఉండేవి. ఒక్క లెవెల్ అవ్వగానే ఆగిపోయేది, ఆ ఒక్క లెవెలే వంద సార్లు ఆడేవాళ్ళం. నెట్ సెంటర్లో మెయిల్ చూసుకోవడానికని గంటకి డబ్బులు కట్టి, అందులో నలభై నిమిషాలు రోడ్ రాష్. ఆ సీడీల్లో చాలావరకు దొంగ కాపీలేనని అప్పుడు ఎవరూ అనుకోలేదు. ఇప్పుడు అనుకుంటున్నాం, ఆ సంగతికి మళ్ళీ వస్తాను.

అమెరికా వచ్చేటప్పుడు నేనూ ఒక హార్డ్ డిస్క్ తెచ్చుకున్నాను. అందులో నాకు అన్నిటికన్నా విలువైనది ఆట కాదు, ఒక ఫోల్డర్. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2లో నేనూ మా తమ్ముడూ కలిసి ఆడి, మధ్యలో దాచుకున్న సేవ్ ఫైళ్ళు. అప్పుడు ఇంట్లో ఉన్నవి రెండు కంప్యూటర్లు, ఒక కేబుల్. నేను ఉద్యోగానికని బయల్దేరిన రోజున కూడా ఒక ఆట సగంలో ఉంది. వాడు ఇప్పుడు దోహాలో ఉన్నాడు. నేను ఇక్కడ. ఇద్దరికీ ఒకేసారి సెలవు దొరికి ఊళ్ళో కలిసిన సందర్భాలు ఒక చేతి వేళ్ళతో లెక్కపెట్టొచ్చు.

సరే, తెలివితక్కువ పని. రెండేళ్ళు ఓపిగ్గా కూర్చుని అన్ని ఆటలనీ ఒక లాంచర్‌లో సర్దాను. ప్రతి ఆటకీ అట్ట బొమ్మ, ఏ సంవత్సరంలో వచ్చింది, ఎవరు చేశారు, నా సొంత మాట రెండు ముక్కలు. ఎక్కడ పెట్టాను? ఆఫీసు లాప్‌టాప్‌లో. వద్దు, మీరు తిట్టకండి, ఇంట్లో ఇప్పటికే తిట్టారు. అదొక్కటే ఇంట్లో మంచి మెషిన్, అందుకని. ఒక మంగళవారం పొద్దున పావుగంట వీడియో కాల్ వచ్చింది. కాల్ అయ్యేలోపే లాప్‌టాప్ లాక్ అయిపోయింది. హెచ్‌వన్‌బీ మీద ఉన్నవాళ్ళకి ఉద్యోగం పోతే మహా అయితే అరవై రోజులు. ఆ అరవై రోజుల్లో ఆటల గురించి ఎవడు ఆలోచిస్తాడు? యాభై రెండో రోజున వేరే ఉద్యోగం దొరికింది. అప్పుడు గుర్తొచ్చింది, రెండేళ్ళ సర్దుడు మొత్తం ఆ లాప్‌టాప్‌తోపాటే డబ్బాలో వెళ్ళిపోయిందని.

కానీ డెస్కు సొరుగులో పాత హార్డ్ డిస్క్ అలాగే ఉంది. తీసి చూస్తే ఆటలన్నీ ఉన్నాయి. సేవ్‌లు కూడా ఉన్నాయి.

లాంచర్ అంటే ఏమిటో నాకు ఆ రోజు అర్థమైంది. అది రిజిస్టరు పుస్తకం లాంటిది. లైబ్రరీలో పుస్తకాలు అలమారాల్లో ఉంటాయి, రిజిస్టరు బల్ల మీద ఉంటుంది. రిజిస్టరు పోతే బాధే, కానీ మళ్ళీ రాసుకోవచ్చు. అలమారా కాలిపోతే మాత్రం రిజిస్టరుతో పనేముంది? మనలో చాలామంది రిజిస్టరునే అందంగా ముస్తాబు చేస్తాం, అలమారా సంగతి మర్చిపోతాం. అందుకే లాంచర్ డౌన్‌లోడ్ చేసేముందు అలమారా సర్దండి.

నేను రెండోసారి ఎలా చేశానో చెప్తాను. బయటి డిస్క్ ఒకటి, అందులో "ఆటలు" అని ఒకే ఫోల్డర్. దాని లోపల డాస్ ఆటలు వేరు, విండోస్ ఆటలు వేరు, ఇన్‌స్టాలర్లు వేరు, సేవ్‌లు వేరు. సీడీ అట్ట మీద ఉండే నంబర్లను ఫోన్‌తో ఫోటో తీసి అదే చోట పెట్టాను. అంతే.

సేవ్‌ల దగ్గర మాత్రం కాసేపు ఆగాలి. పాత ఆటలు సేవ్ ఫైళ్ళని తమ సొంత ఫోల్డర్లోనే రాసుకునేవి. విస్టా నుంచీ విండోస్ ఒక పని చేస్తుంది. ప్రోగ్రామ్ ఫైల్స్‌లో ఉన్న పాత ప్రోగ్రామ్ అక్కడ ఏదైనా రాయబోతే, అడ్డుపడి దాన్ని వర్చువల్ స్టోర్ అనే ఇంకో ఫోల్డర్‌లోకి మళ్ళిస్తుంది. అది యాప్‌డేటాలో, లోకల్ లోపల దాక్కుని ఉంటుంది. ఆటకి ఈ సంగతి తెలియదు, మనకీ తెలియదు. కంప్యూటర్ మార్చేటప్పుడు ఆట ఫోల్డర్ జాగ్రత్తగా కాపీ చేసుకుంటాం, సేవ్‌లు ఉండవు, "అయ్యో పోయాయి" అనుకుంటాం. పోలేదండీ, పాత కంప్యూటర్ ఇంకా మీ దగ్గరుంటే అక్కడే ఉన్నాయి. అందుకే పాత ఆటని ప్రోగ్రామ్ ఫైల్స్‌లో పెట్టకండి, బయట మామూలు ఫోల్డర్‌లో పెట్టండి. జీటీఏ వైస్ సిటీ లాంటివి మళ్ళీ డాక్యుమెంట్స్‌లో దాస్తాయి. ఒక్కో ఆటకి ఒక్కో అలవాటు.

ఇక ఆడించడం. డాస్ ఆటలు చాలా తేలిక. డాస్‌బాక్స్ అనే ఉచిత ప్రోగ్రామ్ 2002 నుంచీ ఉంది. మన కొత్త కంప్యూటర్ లోపల ఒక పాత కంప్యూటర్ ఉన్నట్టు నటిస్తుంది. ప్రిన్స్ ఆఫ్ పర్షియా మరీ పరుగెడుతున్నాడా, కంట్రోల్ ఎఫ్11 నొక్కితే నెమ్మదిస్తాడు. ఎఫ్12 నొక్కితే వేగం. అరవై నిమిషాల్లో రాకుమారిని విడిపించాలి కదా, వేగం తప్పుగా ఉంటే ఆట ఆటలా ఉండదు.

విండోస్ తొలి రోజుల ఆటలే తలనొప్పి. అరవై నాలుగు బిట్ల విండోస్‌లో పదహారు బిట్ల ప్రోగ్రామ్‌లు అసలు నడవవు. ఆట నడిచేదే అయినా, దాని ఇన్‌స్టాలర్ పదహారు బిట్లది అయ్యుంటుంది, అక్కడే ఆగిపోతుంది. ఇంకోటి, ఆనాటి సీడీల్లో సేఫ్‌డిస్క్ అని కాపీ చెయ్యకుండా ఒక తాళం ఉండేది. దానికి కావలసిన డ్రైవర్ విండోస్ 10 నుంచీ లేదు. అంటే డబ్బులు పెట్టి అసలు సీడీ కొన్నవాడికి ఆట నడవదు, దొంగ సీడీ వాడికి నడుస్తుంది. ఎంత అన్యాయమో చూడండి.

అందుకని నేను చేసేది ఇది. దొరికితే గాగ్‌లో కొంటాను. 2008లో గుడ్ ఓల్డ్ గేమ్స్ అన్న పేరుతో మొదలైన దుకాణం. ఇన్‌స్టాలర్ ఫైలు మన చేతికి ఇచ్చేస్తారు, తాళాలు ఉండవు, ఇంటర్నెట్ లేకపోయినా నడుస్తుంది. పండగ డిస్కౌంట్లప్పుడు కాఫీ ఖర్చుకి వస్తాయి. సీటీసీ రోజుల బాకీ కొంచెం తీర్చినట్టూ ఉంటుంది. ఈఏ క్రికెట్ 07 లాంటివి మాత్రం ఏ ఆన్‌లైన్ దుకాణంలోనూ అమ్మకానికి లేవు. "ఎవరూ అమ్మట్లేదు కాబట్టి ఫ్రీ" అని నెట్లో అంటారు. చట్టంలో అలాంటి వెసులుబాటు ఏమీ లేదు, ఆ నిర్ణయం మీది. అసలు సీడీ దగ్గరుంటే మాత్రం అది గీతలు పడకముందే ఇమేజ్ తీసి పెట్టుకోండి. క్వేక్ లాంటి ఆటల్లో సంగీతం సీడీ మీద పాటల ట్రాకుల్లా ఉంటుంది. ఉత్త ఐఎస్ఓ తీస్తే పాటలు రావు, బిన్, క్యూ ఫైళ్ళుగా తీయాలి.

ఇప్పుడు లాంచర్. నేను వాడేది ప్లేనైట్. ఉచితం, ఓపెన్ సోర్స్, విండోస్‌కి మాత్రమే. స్టీమ్, గాగ్, ఎపిక్ అన్నిటి జాబితాలూ తెచ్చి ఒక్కచోట చూపిస్తుంది. మన సొంత ఫోల్డర్‌లోని ఆటల్ని చేతితో చేర్చుకోవచ్చు. డాస్ ఆటకి డాస్‌బాక్స్‌ని చూపించి, ఆ ఆట సెట్టింగుల ఫైలు ఏదో చెప్తే చాలు, ఆ తర్వాత బొమ్మ మీద నొక్కితే ఆట వస్తుంది. లాంచ్‌బాక్స్ కూడా మంచిదే. అది మొదట డాస్‌బాక్స్‌కి ముఖద్వారంలా పుట్టింది కాబట్టి డాస్ ఆటలు ఎక్కువున్నవాళ్ళకి అదే సుఖం. టీవీలో పెద్దగా చూపించే బిగ్ బాక్స్‌కి మాత్రం డబ్బులు కట్టాలి.

ప్లేనైట్‌ని పోర్టబుల్ పద్ధతిలో ఆ బయటి డిస్కులోనే పెట్టండి. అప్పుడు రిజిస్టరూ అలమారా ఒకే పెట్టెలో ఉంటాయి. కంప్యూటర్ మారితే ఈ డ్రైవ్ కాస్తా ఎఫ్ డ్రైవ్ అవుతుంది, అన్ని ఆటలూ "దొరకలేదు" అంటాయి. అలా కాకుండా ఆట ఉన్న చోటు రాసేటప్పుడు డ్రైవ్ అక్షరం రాయకండి, ప్లేనైట్‌డిర్ అనే వేరియబుల్ వాడండి. ఏ కంప్యూటర్‌కి తగిలించినా అదే వెతుక్కుంటుంది. లైబ్రరీ బ్యాకప్ తీసే సదుపాయం అందులోనే ఉంది, నెలకోసారి నొక్కండి. ఆ డిస్క్ మొత్తాన్ని ఇంకో డిస్కులోకి కాపీ చేసి, ఊరెళ్ళినప్పుడు అమ్మ దగ్గర బీరువాలో పెట్టండి. నాది అక్కడే ఉంది, పట్టుచీరల పక్కన. ఆఫీసు మెషిన్‌కి మాత్రం తగిలించకండి, మీ పుణ్యం ఉంటుంది.

దోహా, దుబాయ్, దమ్మామ్ నుంచి వినేవాళ్ళు ఇంకో మాట అడిగారు. రూములో ఆరుగురం, నెట్ అంతంతమాత్రం, సెకండ్‌హ్యాండ్ లాప్‌టాప్, కుదురుతుందా అని. పాత ఆటలకి అదే ఎక్కువ. ప్రిన్స్ ఆఫ్ పర్షియా మొత్తం ఒక ఫ్లాపీలో పట్టేది. వాట్సాప్‌లో పొద్దున్నే వచ్చే గుడ్ మార్నింగ్ వీడియో దానికన్నా పెద్దది. ఒకసారి అన్నీ దింపుకుంటే తర్వాత నెట్ అక్కర్లేదు, ప్లేనైట్‌కి లాగిన్ కూడా అడగదు.

వర్గాల విషయంలో నా అభిప్రాయం వేరు. యాక్షన్, స్ట్రాటజీ, రేసింగ్ అని పెడితే చూడ్డానికి బాగుంటుంది, ఆడటానికి పనికిరాదు. మొదటిసారి నా జాబితాలో మూడొందలకి పైగా ఉండేవి. తెరిచి, కిందికి పైకి జరిపి, మూసేసేవాణ్ణి. ఇప్పుడు నలభై ఒకటి ఉన్నాయి. మూడే వర్గాలు. పావుగంటలో అయ్యేవి. పాపతో ఆడేవి. తమ్ముడితో ఆడేవి.

ఈ ఊళ్ళో మార్విన్స్ గురించి చెప్పకపోతే ఇక్కడివాళ్ళు ఊరుకోరు. ఆర్చర్డ్ లేక్ రోడ్డు మీద మార్విన్స్ మార్వెలస్ మెకానికల్ మ్యూజియం అని ఉండేది. మార్విన్ యగోడా అనే ఫార్మసిస్టు పాత నాణేల ఆట యంత్రాలు పోగుచేసి 1990లో తెరిచారు. లోపలికి వెళ్ళడానికి టికెట్ లేదు, ఒక్కో యంత్రంలో క్వార్టర్ వేస్తే బొమ్మలు కదులుతాయి, జాతకం చెప్తాయి. 2017లో ఆయన పోయాక కొడుకు చూసుకున్నారు. ఆ షాపింగ్ సెంటర్‌ని పడగొట్టి వేరే కడతామనడంతో 2025 మొదట్లో ఆ చోటు మూతపడింది, పక్కనే వెస్ట్ బ్లూమ్‌ఫీల్డ్‌కి మారుస్తామని ప్రకటించారు. చివరి వారాల్లో పాపని తీసుకెళ్ళాను. నాకు అక్కడ నచ్చేది ఏంటంటే, అద్దాల వెనక పెట్టి చూడమనరు. నాణెం వెయ్యి, ఆడు. ఆయన కొడుక్కి ఆ యంత్రాలు మిగిలింది, అవి నడిచే స్థితిలో ఉండబట్టే కదా. ఇంటికొచ్చిన రాత్రి కూర్చుని, నా జాబితాలో నొక్కినా తెరుచుకోని ఆటలన్నీ తీసేశాను. మూడొందలు నలభై ఒకటి అయ్యింది అప్పుడే.

పోయిన నెల తమ్ముడు వీడియో కాల్ చేశాడు. "అన్నయ్యా, మన ఆట ఉందా ఇంకా?" అన్నాడు. ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2కి 2019లో కొత్త డెఫినిటివ్ ఎడిషన్ వచ్చింది, ఇద్దరం కొన్నాం, శుక్రవారాలు ఆడుకుంటున్నాం. వాడికి అక్కడ సెలవు, నాకు పొద్దున్నే. కానీ ఆ పాత సేవ్ కొత్తదాంట్లో తెరుచుకోదు. అందుకే పాత ఆటని కూడా పక్కనే ఉంచాను. తెరిచి, ఫోన్ స్క్రీన్‌కి ఎదురుగా పట్టాను. వాడి కోట, నా కోట, మధ్యలో నది. కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత, "ఒరేయ్, నీ దగ్గర ఒక్క ఏనుగు కూడా లేదు, అప్పుడే ఓడిపోయావు" అన్నాను. ఒప్పుకోలేదు. ఈసారి ఇద్దరం ఊరెళ్ళినప్పుడు అక్కడి నుంచే మొదలెడదామన్నాడు. టికెట్లు ఇంకా చూడలేదు.

పాపకి డేవ్ మూడో లెవెల్ దాకా వచ్చింది. కప్పు తీసుకోకుండా తలుపు దగ్గరికి పరుగెడుతోంది, తలుపు తెరుచుకోవట్లేదని నా మీద అలుగుతోంది. డాస్‌బాక్స్ సెట్టింగుల ఫైలు ఎలా రాయాలో అడిగినవాళ్ళకి వచ్చే ఎపిసోడ్‌లో ఒక్కో లైనూ చదివి చెప్తాను. అప్పటిదాకా మీ ప్రశ్నలు ఎప్పటిలాగే వాయిస్ మెసేజ్‌లో పంపండి, ఏ ఊరి నుంచో చెప్పండి. ఉంటానండీ.