జర్మను దేశమునందలి కోట, మఠము, పురము
(వార్షిక మహాసభయందు చేసిన ఉపన్యాసము)



నేను జర్మను దేశమునకు పోయివచ్చితినని విని, అచ్చటి విశేషములను కొంతసేపు వినిపింపుమని కార్యదర్శిగారు కోరిరి. ముప్పదియైదేండ్లు బడిలో మాటాడినవానికి మాటాడుట కష్టము కాదు, మానుటయే కష్టము. అర్ధగంటకు మించనని వారికి మాట యిచ్చి ఈ వేదిక నెక్కితిని.

మా పెద్దవాడు స్టుట్‌గార్ట్ నగరమున ఉద్యోగము చేయుచున్నాడు. జూను నెలలో వానికి సెలవు దొరకలేదు. కావున నన్నును మా యింటివారిని ఒక యాత్రాసంఘముతో పంపెను. నలువదిమంది యాత్రికులు, ఒక బస్సు, చేత గొడుగెత్తి ముందు నడచు ఒక మార్గదర్శిని. మన ప్రాచీనులు వర్తకుల బిడారును నడిపించువానిని సార్థవాహుడనిరి. నీరెచ్చట కలదో, దొంగలెచ్చట కలరో, తన వెంట వచ్చినవారెందఱో ఎఱిగియుండుట వాని ధర్మము. ఈ కాలపు మార్గదర్శికిని అవియే ధర్మములు. చెప్పవలసిన కథ యేది, చెప్పక దాటిపోవలసిన కథ యేది అను విచక్షణ మాత్రము క్రొత్తగా చేరినది. ఈ రెండవదానిని గూర్చి ముందు చెప్పెదను.

మధ్యయుగమున ఐరోపావారు సమాజమును ప్రార్థించువారు, పోరాడువారు, పాటుపడువారు అని మూడు శ్రేణులుగా భావించుచుండిరి. మఠము మొదటివారిది, కోట రెండవవారిది. వర్తకులును చేతిపనివారును పెంచినది పురము. మా యాత్రయందు మేము చూచినవి పెక్కులు కలవు గాని, ఒక కోటను, ఒక మఠమును, ఒక పురమును మాత్రమే యిచ్చట చెప్పెదను.

కోట పేరు ఎల్ట్స్. మోసెల్ నదికి సమీపమున నున్నది. కౌటిల్యుడు దుర్గములను ఔదకము, పార్వతము, ధాన్వనము, వనదుర్గము అని నాలుగు తెగలుగా విభజించెను. ఆయన దీనిని చూచియుండినచో ఏ తెగలో చేర్చుటయో తెలియక యోచించియుండును. డెబ్బది మీటర్ల రాతిగుట్టపై నున్నది గాన పార్వతము. వాగు మూడు వైపుల చుట్టివచ్చుచున్నది గాన ఔదకము. నలుదిక్కుల దట్టమైన అడవి గాన వనదుర్గము. అయినను నన్నాకర్షించినది దాని ఉనికి కాదు, దాని స్వామ్యము. 1157వ సంవత్సరమున ఫ్రెడరిక్ బార్బరోసా చక్రవర్తి యిచ్చిన శాసనములో ఎల్ట్స్ వంశమువాడైన రుడోల్ఫు సాక్షిగా కనబడుచున్నాడు. నేటికిని ఆ కోట ఆ వంశమువారిదే. ముప్పదిమూడు తరములు గడచినవి.

1268 ప్రాంతమున ఆ వంశమున ముగ్గురన్నదమ్ములు వేఱుపడిరి. కోటను ముక్కలు చేయుటకు వీలుకాదు, అమ్ముకొనుటకు మనసు రాదు. అట్టి స్థితిలో వారొక యేర్పాటు చేసికొనిరి. కోటగోడయు, ద్వారమును, రక్షణభారమును ఉమ్మడి. లోపల చిన్న ముంగిలి చుట్టును ఎవరి శాఖవారు వారి యిండ్లు కట్టుకొనిరి. రూబెనాహ్ శాఖవారి యిల్లు 1472లో పూర్తియైనది. రోడెన్‌డోర్ఫ్ శాఖవారిది పదునాఱవ శతాబ్దమున, కెంపెనిహ్ శాఖవారిది పదునేడవ శతాబ్దమున ముగిసినవి. చోటు చాలమిచే ఎవరికి వారు పైకి పెంచుకొనుచు పోయిరి. ఎనిమిదేసి అంతస్తుల యిండ్లు ఒకదాని నొకటి ఒరసికొని నిలిచియున్నవి. ఉమ్మడి వారసుల కోట యని జర్మను న్యాయశాస్త్రమున దీనికి ప్రత్యేకమైన పేరే కలదు. వారసులు ఒకరిపై నొకరు కత్తి దూయరాదనియు, ఉమ్మడి వ్యయమును ఎట్లు భరింపవలెననియు ఒడంబడిక పత్రములు వ్రాసికొనెడివారు. మితాక్షర నెఱిగిన మనకు ఇందు వింత లేదు. వింతయెల్ల ఆ పత్రములు ఇన్ని తరములు నిలుచుటయందే. మా యూర మండువా లోగిళ్ళ నడుమ ఎన్ని గోడలు లేచినవో లెక్కింపగలవాడను. వానిలో ఒక్కటియు శత్రువులు కట్టినది కాదు.

ముగ్గురు శాఖలవారును కూడి మాటాడుకొను పెద్దచావడి ఒకటి కలదు. దాని గోడలపై విదూషకుల ముఖములు చెక్కియున్నవి. ద్వారముపై గులాబి పూవు కలదు. విదూషకుని ముఖమునకర్థము, ఇచ్చట ఎవరేమైనను నిర్భయముగా పలుకవచ్చునని. గులాబికర్థము, ఇచ్చట పలికినది గడప దాటరాదని. కార్యనిర్వాహక సంఘమువారు ఈ రెండింటిని తమ గదిలో చెక్కించుటకు ఎంత వ్యయమగునో విచారింతురుగాక! చావడిలోని మాట మఱునాటికే సంత చేరుచున్న సంగతి మనమందఱ మెఱిగినదే.

ఈ కోట యుద్ధమును చూడకపోలేదు. 1331లో ట్రియర్ ఆర్చిబిషప్ బాల్డ్విను దీనిపై దండెత్తి, ఎదుటి గుట్టపై ఒక చిన్న కోట కట్టి, దానినుండి రాళ్ళు కురిపించెను. అయిదేండ్లకు ఎల్ట్స్ వారు లొంగిరి. స్వతంత్రము పోయినది, ఇల్లు మిగిలినది. ఆ ముట్టడికోట శిథిలములు నేటికిని చెట్ల నడుమ కనబడును. మరల పదునేడవ శతాబ్దాంతమున ఫ్రెంచివారు రైను ప్రాంతపు కోటలను వరుసగా కూల్చుచు వచ్చినపుడు, ఈ వంశమువాడే యొకడు ఫ్రెంచి సైన్యమున పెద్ద యుద్యోగి యయి యుండి, కూల్పవలసిన కోటల పట్టికనుండి దీని పేరు కొట్టివేయించెనట. తుదకు 1815లో కెంపెనిహ్ శాఖవాడైన హ్యూగో ఫిలిప్పు మిగిలిన భాగమును కొని యేకస్వామి యయ్యెను. 1845 మొదలు 1888 వఱకు నలువదిమూడేండ్లు దీనిని బాగుచేయించిరి. అందులకైన వ్యయము 1,84,000 మార్కులు. తమకు తోచినట్లు క్రొత్త అలంకారములు చేర్పక, ఉన్నదానిని ఉన్నట్లు నిలిపిరని పండితులు ఆ పనిని మెచ్చుకొందురు. రూబెనాహ్, రోడెన్‌డోర్ఫ్ ఇండ్లను చూపుదురు. కెంపెనిహ్ వారి యింటిని చూపరు, అది ఆ కుటుంబమువారికి ప్రత్యేకము. లోపల ఛాయాచిత్రములు తీయరాదు. నలువది నిమిషములలో దర్శనము ముగియును.

ఇక మఠము. మౌల్‌బ్రాన్ అను గ్రామమున 1147లో సిస్టెర్షియన్ సన్న్యాసులు నెలకొల్పినది. కంచరగాడిద నీరు త్రాగ నిలిచిన చోట దీనిని కట్టిరని యొక కథ. ఆల్ప్సు పర్వతములకుత్తరమున మధ్యయుగపు మఠము ప్రాకారముతోను, గిడ్డంగులతోను, చెఱువులతోను ఇంత సమగ్రముగా మిగిలియుండుట అరుదు. 1993లో దీనిని ప్రపంచ వారసత్వ స్థలముగా గుర్తించిరి. అచ్చటి ద్రాక్షతోట కొకదానికి పదునొకండు వ్రేళ్ళు అను నర్థము వచ్చు పేరు కలదు. ఉపవాసదినములలో సన్న్యాసులు ద్రాక్షసారాయమున వ్రేళ్ళు ముంచి చప్పరించుటకు మాత్రమే అనుజ్ఞ యుండెననియు, ఒకడు తనకు పదునొకండవ వ్రేలు లేదని విచారించెననియు చెప్పుదురు. ఏకాదశి ఫలాహారములను కనిపెట్టిన మనము వారిని చూచి నవ్వుట తగదు.

ఆ మఠమున రెండు భోజనశాలలు కలవు. ఒకటి మంత్రపాఠము చేయు సన్న్యాసులది, ఎత్తైన కప్పుతో నున్నది. రెండవది పొలములయందును తోటలయందును పనిచేయు పరిచారక సోదరులది, దాని కప్పు తక్కువ యెత్తు. దేవాలయములో నిరువురి నడుమ రాతితెర కలదు. ఆ తెరకు తూర్పున వారు, పడమట వీరు. వీరును దీక్ష పట్టినవారే, వీరును బ్రహ్మచారులే. అయినను ఆ తెర దాటి పీఠము చేరుట వీరికి లేదు. నేను ఆ తెర ముందు చాలసేపు నిలిచితిని. దేవుని యెదుట అందఱు సమానులని బోధించు మతమున గూడ రాయి చెక్కినవాడు ఈ పని యెట్లు చేసెనో యని తలచితిని. వారిని నిందించుటకు నాకు తొందర లేదు. తెరలు కట్టుటలో మనకుగల నేర్పు నెఱిగినవాడను గాన ఆ తెరనుండి చూపు మరల్చుకొనుటకును మనసొప్పలేదు.

మతసంస్కరణము వచ్చినమీదట 1556లో వుర్టెంబెర్గ్ ప్రభువు ఈ మఠమును పాఠశాలగా మార్చెను. పేద బాలురను పరీక్షించి యెన్నుకొని, అన్నము పెట్టి చదువు చెప్పించుట దాని పద్ధతి. 1586 మొదలు 1589 వఱకు ఇచ్చట చదివిన యొక బాలుని తండ్రి కూలిసైనికుడు. తల్లి పూటకూళ్ళవాని కూఁతురు. ఆ బాలుడే గ్రహగతుల నియమములను కనిపెట్టిన యొహానెస్ కెప్లరు. నాకు కోటలన్నియు ఒక యెత్తు, ఈ యొక్క సంగతి యొక యెత్తు. మూడువందల యేండ్ల తరువాత, 1891లో, ఇచ్చట చేరిన మఱియొక బాలుడు క్రమశిక్షణమునకు తాళలేక యేడు నెలలైన కాకముందే పాఱిపోయెను. అతడు సిద్ధార్థ నవలను వ్రాసిన హెర్మాన్ హెస్సె. అతని మాతామహుడు గుండెర్టు మన తలశ్శేరిలో నివసించి 1872లో మలయాళ నిఘంటువును ప్రకటించిన పండితుడు. హెస్సె తల్లి పుట్టినది గూడ తలశ్శేరిలోనే. ఈ సంగతి మా మార్గదర్శినికి చెప్పగా, ఆమె తన చిన్న పుస్తకమున వ్రాసికొనెను. ఆ పాఠశాల నేటికిని నడుచుచున్నది. పుస్తకములు చంకన బెట్టుకొని బాలబాలికలు మా నడుమనుండియే తరగతికి పోయిరి.

ఇట్టి యాత్రకు పోదలచిన పెద్దలకొక మాట. కోటలయందు ఎక్కు యంత్రము లుండవు, సన్నని సుడిమెట్లుండును. వీథులు గుండురాళ్ళు పఱచినవి, చెప్పులు మెత్తనివి కావలెను. మోకాళ్ళ నొప్పి కలవారు కోటను దూరమునుండి చూచియే ఆనందించుట మేలు. ఊరుగాయ వెంట తీసికొనిపోవుడు.

పురము పేరు రోతెన్‌బుర్గ్. టౌబెర్ నదిపై గట్టున నున్నది. 1274లో చక్రవర్తికి తప్ప మఱెవరికిని లోబడని స్వతంత్రనగర మయ్యెను. చుట్టును ప్రాకారము, దానిపై కప్పుగల నడవ, బురుజులు. 1631లో టిల్లీ సేనాని ఊరిని పట్టుకొని కాల్చివేయబోగా, మూడుంబావు లీటర్ల ద్రాక్షసారాయమును ఒక్క గ్రుక్కలో త్రాగినవాడున్నచో విడిచెదననెననియు, మాజీ నగరాధ్యక్షుడు నూష్ త్రాగి ఊరిని కాపాడెననియు ఒక కథ కలదు. గడియారము గంట కొట్టినపుడు కిటికీలలోనుండి బొమ్మలు వచ్చి త్రాగి చూపును. టిల్లీ ఊరిని పట్టుకొన్నది నిజము. త్రాగుటను గూర్చిన కథ చాల కాలమునకు తరువాత పుట్టినది. 1881 నుండి దానిని నాటకముగా ఆడుచున్నారు.

1945 మార్చి 31న అమెరికను విమానములు ఈ ఊరి తూర్పుభాగమును ధ్వంసము చేసినవి. ప్రాకారమును మరల కట్టుటకు దేశదేశముల దాతలు మీటరున కింత యని సొమ్మిచ్చిరి. నడవలో నడచుచుండగా గోడరాళ్ళపై వారి పేర్లు కనబడును. జపానువారి పేర్లు పెక్కులు. మన సత్రములలో విద్యుత్తు పంకాల ఱెక్కలపై గూడ దాతల పేర్లు వ్రాయుట నాకు తెలియును. పంక తిరుగుచున్నంతసేపు పేరు చదువుటకు వీలుకాదు. గోడ తిరుగదు గాన వారి పద్ధతి మెఱుగు.

ఆ పేర్లు చదువుచు పోవుచుండగా, యూదుల వీథి యను పేరుగల వీథి యొకటి కనబడినది. వారిప్పుడెచ్చట నున్నారని మార్గదర్శిని నడిగితిని. ఆమె కొంత తడబడి, ఇది యాత్రాక్రమమున లేదనియు, కోరినవారికి భోజన విరామమున చూపెదననియు చెప్పెను. నలువదిమందిలో అయిదుగురము పోయితిమి. తెల్లబురుజు ప్రక్క తోటగోడలో హీబ్రూ అక్షరములుగల సమాధిరాళ్ళు పొదిగియున్నవి. 1298లో ఈ ఊర యూదులను వందలకొలది చంపిరి. 1520లో మిగిలినవారిని వెళ్ళగొట్టిరి. తరువాత నెన్నో యేండ్లకు మరల వచ్చి స్థిరపడినవారిని 1938 అక్టోబరులో, దేశమంతట ఆ ఘోరము చెలరేగుటకు ముందే, తఱిమివేసిరి. సారాయపు కథ గంటగంటకు చెప్పబడుచున్నది. ఈ కథ అడిగినవారికి మాత్రమే. ఆమెను తప్పు పట్టను. ఆమె చూపినది, అదియే మేలు. మన గ్రామచరిత్రలను వ్రాయు యువకులు ఈ సభలో నున్నారు. తమ యూర పాతపేరు మాత్రము మిగిలిన వీథి యేదైన నున్నదేమో వారు చూడవలెనని నా మనవి.

ఆ ఊర పదుమూడవ శతాబ్దమున మెయిర్ బెన్ బరూహ్ అను మహాపండితుడు శిష్యులకు ధర్మశాస్త్రము చెప్పుచుండెను. దేశము విడిచిపోవుచు పట్టుబడి 1286లో చక్రవర్తి చెఱలో పడెను. విడుదలకు పెద్ద మొత్తము అడిగిరి. తన వారు చందాలు కూర్చుటకు సిద్ధపడగా ఆయన వలదనెను. ఒక పండితునికి వెల కట్టి యిచ్చినచో, ప్రభువులు మఱునాడు మఱియొక పండితుని పట్టుకొందురని ఆయన వాదము. 1293లో చెఱలోనే మరణించెను. శవమును గూడ పదునాలుగేండ్లు ఇయ్యలేదు. 1307లో అలెగ్జాండర్ వింప్‌ఫెన్ అను ధనికుడు సొమ్ము చెల్లించి శవమును విడిపించి, వర్మ్స్ నగరమున సమాధి చేయించెను. అందులకు ప్రతిఫలముగా అతడు కోరినది, తన్ను ఆయన ప్రక్కనే పాతిపెట్టుట.

వర్మ్స్ మా యాత్రాక్రమమున లేదు. మా పెద్దవాడు తరువాతి యాదివారమున నన్నచ్చటికి తీసికొనిపోయెను. ఆ శ్మశానము గడ్డితోను ఒరిగిన రాళ్ళతోను నిండియున్నది. ఉపాధ్యాయుని రాయియు, ధనికుని రాయియు ప్రక్కప్రక్కనే కలవు. వానిపై యాత్రికులు చిన్న గులకరాళ్ళును, మడిచిన చీటీలును ఉంచి పోవుదురు. నేనును ఒక గులకరాయి యుంచితిని.

నాకిచ్చిన అర్ధగంట మించినది.