'స్కూలు' అన్న మాట



డెబ్బది అయిదేండ్లుగా మనవారు బడి అనీ, అర్జీలలో పాఠశాల అనీ, ముచ్చట్లలో ఇస్కూలు అనీ పిలుచుకొన్న ఈ చోటికి గల ఆంగ్ల నామమును గూర్చి నాలుగు మాటలు మనవి చేస్తాను.

'స్కూలు'కు మూలము గ్రీకుల 'స్ఖొలే'. దాని తొలి అర్థము చదువు కాదు, తీరిక. తీరిక వేళ సాగే చర్చకు, ఆపై ఆ చర్చ జరిగే చోటికి అదే పేరయినది. లాటినులో 'స్కోలా' అయి, ప్రాచీనాంగ్లమున ప్రవేశించినది. పండితుని 'స్కాలర్' అనడము ఈ వేరు నుండియే. ఒకే మార్గమున నడిచే చిత్రకారుల, తాత్త్వికుల వర్గమూ స్కూలే. క్రియగా వాడితే తర్ఫీదు ఇచ్చుట.

చేపల గుంపును కూడ స్కూలు అంటారు. అది వేరు మాట. గుంపు అని అర్థమిచ్చే పాత డచ్చి పదము నుండి వచ్చినది. పుట్టుకలు వేరైనా రూపము ఒక్కటయినది.

తీరిక అన్న అర్థము తలచినప్పుడెల్ల మా నాయన గుర్తుకు వస్తారు. చేతికి అందివచ్చిన కొడుకును పనిలో పెట్టక, "నువ్వు బడికి పో" అని నా వంతు పని కూడ తామే చేశారు. నా తీరిక వారి చెమటతో కొన్నది.

నేడు తెలుగు తరగతులలో పిల్లలు పలుచబడుతున్నారు. ఇంటి భాష చదువుకొనుటకు మన మనుమలకు దినమునకొక గంట తీరిక మనము ఇవ్వలేమా? ఇచ్చిననాడే ఈ స్కూలు పేరు సార్థకము. సెలవు.