గంటగంటకూ హాజరు
(మన సంఘ సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



డి.ఎ. బకాయిల గురించి కాక ఒక కళాకారుని గురించి మాట్లాడతానంటే కార్యదర్శిగారు కొంచెం సంశయించారు. కానీ ఈయన కళ మన హాజరు రిజిస్టరుకు దగ్గరి చుట్టం.

పేరు టెచింగ్ షియే. 1950లో తైవాన్‌లో పుట్టారు, నా ఈడువారే. 1974లో ఓడలో పనివాడుగా అమెరికా చేరి, ఓడ దిగిపోయి, కాగితాలు లేకుండానే న్యూయార్కులో బతికారు. 1988లో గాని ఆయనకు క్షమాభిక్ష దొరకలేదు.

1980 ఏప్రిల్ 11న తన గదిలో, ఫ్యాక్టరీ గేటు దగ్గర ఉండేలాంటి పంచింగ్ గడియారం పెట్టుకున్నారు. అప్పటినుంచి సరిగ్గా ఏడాదిపాటు, గంటకొకసారి, రాత్రీ పగలూ కార్డు పంచ్ చేశారు. చేసినప్పుడల్లా 16 ఎం.ఎం. కెమెరా ఆయనది ఒక్కొక్క ఫ్రేము తీసింది. ఆరంభంలో గుండు చేయించుకున్నారు. అందుచేత ఏడాదంతా ఆరు నిమిషాలకు కుదించిన ఆ సినిమాలో జుట్టు పెరుగుతుంటే కాలం కదలడం కళ్లకు కనిపిస్తుంది. మా మనవరాలు చూపించింది. నిబంధనలన్నీ ముందే కాగితం మీద రాసి సంతకం పెట్టారు. కార్డుల మీద సాక్షి సంతకం కూడా ఉంది. అచ్చం మన ఫైలు పద్ధతే!

ఇంతకీ చేసిన పనేమిటంటే, ఏమీ లేదు. హాజరు వేయించుకోవడమే పని. మన ఆఫీసుల్లోనూ అంతేననే గిట్టనివాళ్లున్నారు, ఆ మాట విడిచిపెడదాం.

నన్ను కదిలించింది వేరే సంగతి. మొత్తం 8,760 పంచ్‌లలో 133 తప్పాయి. 94 సార్లు నిద్రలో ఉండిపోయారు, 29 సార్లు ఆలస్యమైంది, 10 సార్లు తొందరపడి ముందే చేశారు. ఒక్కటీ దాచలేదు. కారణాలవారీగా లెక్క రాసి ఆ కళాకృతిలోనే చేర్చారు. 2017లో వెనిస్ బినాలేలో తైవాన్ తరఫున ఈ కృతిని ప్రదర్శించారు.

నేను కొన్నేళ్లు సెక్షన్ హాజరు రిజిస్టరు చూశాను. మూడు ఆలస్యాలకు ఒక సి.ఎల్. కోత అని మీకందరికీ తెలుసు. మా సెక్షన్‌లో ఒక టైపిస్టు ఉండేవారు. పసిబిడ్డకు జబ్బుచేసి ఆమె ఒకే నెలలో మూడుసార్లు పది, పదిహేను నిమిషాలు ఆలస్యంగా వచ్చారు. మూడింటికీ ఎర్రసిరాతో గుర్తు పెట్టాను, కోత పడింది. కారణం చెప్పబోతే, "అమ్మా, రిజిస్టరులో కారణానికి గడి లేదు" అన్నాను.

అదే నెలలో నేనూ రెండుసార్లు ఆలస్యంగా వెళ్లాను, బస్సు తప్పిపోయి. రిజిస్టరు నా బల్లమీదే ఉంది కదా, పదిన్నర అని రాసి సంతకం పెట్టాను. ఆ టైపిస్టు ఎదుటి బల్ల దగ్గరే కూర్చుని చూశారు, ఏమీ అనలేదు.

ఆమె ఇప్పుడు ఏ ఊళ్లో ఉన్నారో తెలియదు. మీలో ఎవరికైనా ఆచూకీ తెలిస్తే సమావేశం అయ్యాక నాకు చెప్పండి.