రెండవ అంకె విలువ
(రజతోత్సవ సభయందలి ఉపన్యాసము)



ఓట్లు వేయుటతోనే ఎన్నిక ముగియదు. వానిని లెక్కించు విధానము కూడ ఎన్నికలో భాగమే. ఓటర్లు వారే, అభ్యర్థులు వారే యైనను, లెక్క మారినచో విజేత మారవచ్చును.

శాసనసభ, లోకసభల ఎన్నికలలో అందరికంటె ఎక్కువ ఓట్లు వచ్చినవారే గెలుతురు. నూరు ఓట్లలో ఒకరికి 40, మరొకరికి 35, మూడవవారికి 25 వచ్చినచో మొదటివారిదే గెలుపు. తక్కిన 60 మంది వారిని కోరలేదను సంగతి లెక్కకు రాదు.

దీనికి రెండు విరుగుడులు గలవు. మొదటిది మలివిడత పోలింగు. ఫ్రాన్సు అధ్యక్షుని ఎన్నికలో ఎవరికిని సగమునకు మించి రానిచో, మొదటి యిరువురి నడుమ రెండు వారముల పిదప మరల పోలింగు జరుగును. కాని తొలివిడతలో ఓట్లు చీలి మూడవస్థానమునకు జారినవారికి మలివిడతలో చోటులేదు. 2002లో జోస్పెన్ నూటికి 16.18, లె పెన్ 16.86 ఓట్లు పొందిరి. ఆ కొద్దిపాటి తేడాతో జోస్పెన్ తొలగిపోయెను. మలివిడతలో షిరాక్ నూటికి 82కు పైగా ఓట్లతో లె పెన్‌ను ఓడించెను.

రెండవది ప్రాధాన్యక్రమ పద్ధతి. స్వయంవరమున వరమాల యొక్కటియే. అది ఒకరి మెడలో పడిన పిమ్మట మరి మాటలేదు. ఈ పద్ధతియందో, ఓటరు పేరుల కెదురుగా 1, 2, 3 అని అంకెలు వేసి, “వీరు కానిచో వారు” అని తన మనస్సును తుదివరకు తెలుపవచ్చును. ఎవరికిని సగమునకు మించి రానిచో, కడపటి అభ్యర్థిని తొలగించి, ఆ కాగితములను తరువాతి అంకెను బట్టి మిగిలినవారికి చేర్చుదురు. విజేత తేలువరకు ఇట్లే సాగును.

మన రాష్ట్రపతి ఎన్నిక ఈ పద్ధతిననుసరించియే జరుగును. 1969 ఆగస్టు నాటి ఎన్నికలో ప్రధానముగా పోటీపడిన ముగ్గురిలో ఇరువురు తెలుగువారే. చెల్లిన ఓట్ల విలువ 8,36,337. గెలుపునకు కావలసినది 4,18,169. తొలి ప్రాధాన్యములలో వి.వి. గిరిగారికి 4,01,515, నీలం సంజీవరెడ్డిగారికి 3,13,548, సి.డి. దేశ్‌ముఖ్ గారికి 1,12,769 వచ్చినవి. ఎవరును గట్టెక్కలేదు. దేశ్‌ముఖ్ గారిని, తక్కినవారిని తొలగించి వారి కాగితములను పంచగా, సంజీవరెడ్డిగారికి 91,879, గిరిగారికి 18,562 చేరినవి. పంపకములో పెద్దపాలు సంజీవరెడ్డిగారిదే; అయినను 4,20,077తో గిరిగారే గెలిచిరి. సంజీవరెడ్డిగారు 4,05,427 వద్ద నిలిచిరి.

ఈ రెండు మొత్తములను కూడినచో చెల్లిన విలువకు 10,833 తక్కువ వచ్చును. పై అంకెలు లేని కాగితములు తుదిలెక్కకు చేరలేదన్నమాట. అది యంతయు సంజీవరెడ్డిగారికి చేరినను నాటి ఫలితము మారెడిది కాదు. కాని ప్రతి యెన్నికలోను అంతటి వ్యత్యాసముండునని నమ్మరాదు.

శాసనమండలికి ఓటువేయు పట్టభద్రులును, ఉపాధ్యాయులును ఈ సంగతి మనస్సున నుంచుకొనవలెను. 1 అంకె లేనిచో, లేక దానిని ఇద్దరి కెదురుగా వేసినచో, ఆ ఓటు చెల్లదు. తక్కిన అంకెలు వేయుట ఓటరు ఇష్టము. కాని వేయనివారు, తమ అభ్యర్థి తొలగిన పిమ్మట, తుదినిర్ణయమును ఇతరులకు వదలిపెట్టినవారగుదురు.