రేడియోకు వ్రాసిన రజని



కార్యక్రమమును తామే వ్రాసి తామే నిర్మించువారు నేటి టెలివిజనులో పలువురు. తెలుగునాట ఆ బాట వేసినది రేడియో; అందు అగ్రగణ్యులు బాలాంత్రపు రజనీకాంతరావుగారు.

వేంకటపార్వతీశ్వర కవులలో ఒకరగు వేంకటరావుగారి కుమారులు. 1941లో మదరాసు రేడియో కేంద్రమున చేరిరి. పాట వ్రాయుట, వరుస కట్టుట, పాడించుట మూడును ఆయన పనులే. గ్రంథమైనచో పాఠకుడు పుట వెనుకకు త్రిప్పి మరల చదువుకొనును. శ్రోతకు ఆ వీలు లేదు. అక్షరము రాని కూలివానికి సైతము ఒక్కమారు వినగనే పల్లవి నిలువవలెను. రజనిగారి నేర్పు ఇచ్చటనే. పాండిత్యము కొరవడి తేలికగా వ్రాసిరందుమా, 1961లో సాహిత్య అకాడమీ బహుమానమందిన ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’ ఆయన రచనయే!

విజయవాడ కేంద్రము 1948 డిసెంబరు 1న వెలసినది. అచ్చటి భక్తిరంజనిని తీర్చిదిద్దిన ఖ్యాతి ఆయనది. ఏలూరు, నూజివీడు, గుడివాడ బాటలు బెజవాడ బాటతో కలియు ఈ హనుమాన్ జంక్షనుకు ఆ ప్రసారము ఇరుగుపొరుగు పలుకు.

2018 ఏప్రిల్ 22న విజయవాడలోనే ఆయన కన్నుమూసిరి. తొలినాళ్ల ప్రసారములు చాలవరకు అప్పటికప్పుడు పాడినవే. గాలిలో పుట్టి గాలిలో పోయినవి. ‘శతపత్రసుందరి’ సంపుటమున కెక్కిన పాటలు మాత్రము దక్కినవి. ఆ సంపుటము ప్రక్కనే దొరికినన్ని ధ్వనిముద్రణలను కూడ ఈ గ్రంథాలయమున ఉంచుటను కార్యవర్గమువారు ఆలోచింపగోరుచున్నాము.