నెపం వేరు, కారణం వేరు

(వేమూరులో దళిత యువజనుల ముందు చేసిన ప్రసంగ పాఠం)



చుండూరు మన వేమూరు నియోజకవర్గంలోదే. 1991 ఆగస్టు 6న అక్కడ 8 మంది దళితుల్ని నరికి చంపారు. ఎందుకు చంపారంటే ఇప్పటికీ ఒకటే జవాబు: "సినిమా హాల్లో దళిత కుర్రాడి కాలు తగిలిందంటగా!" కాలు తగిలింది జూలైలో. చంపింది ఆగస్టులో. ముందు జరిగిందల్లా కారణమైపోతుందా? కోడి కూసింది గాబట్టే తెల్లారిందంటామా?

సమాజాన్ని పరిశోధించేవాళ్ళు కారణం తేల్చటానికి కొన్ని పరీక్షలు పెడతారు. అవి మనకీ కావాలి.

మొదటిది, ఒక్కటి మార్చి చూడటం. అదే హాలు, అదే కాలు. ఇద్దరూ ఒకే కులంవాళ్ళయితే ఏమయ్యేది? "చూసుకోవయ్యా" అని సర్దుకునేవాళ్ళు. మహా అయితే రెండు దెబ్బలు. కులం ఒక్కటి మారితే ఫలితం మారుతోందంటే, దోషం కాలిది గాదు.

రెండోది, పోల్చి చూడటం. 1985 జూలై 17న కారంచేడులో 6 మందిని చంపారు. అక్కడ గొడవ మొదలైంది సినిమా హాల్లో కాదు, మంచినీళ్ళ చెరువు దగ్గర. నెపాలు రెండు. రెండుచోట్లా ఉన్నది మాత్రం ఒకటే: భూమీ పెత్తనమూ ఉన్న కులం, దానికి ఎదురు మాట్లాడిన పల్లె.

మూడోది, మధ్యలో ఏం జరిగిందో చూడటం. ఆ జూలైకీ ఆగస్టుకీ మధ్య పల్లెని సాంఘికంగా వెలివేశారు. కోపం ఒక్కడిది కావచ్చు. వెలి మాత్రం పదిమంది కూర్చుని చేసే పని.

నాలుగోది మనకే కష్టం. రక్తం పారిన ఊళ్ళనే లెక్కబెడితే చాలదు. అవే కులాలు, అదే భూమి తీరు ఉండీ హత్యాకాండ జరగని ఊళ్ళు ఎన్నో. అక్కడెందుకు జరగలేదు? మనవాళ్ళు భయపడి తలొంచుకున్నారా? సంఘం బలంగా ఉండి వాళ్ళే జంకారా? పైకి రెండూ శాంతిగానే కనబడతాయి. "కులమే కారణం" అని గోడమీద రాస్తే సరిపోదు. కులం ఎప్పుడు కత్తి పడుతుందో కూడా చెప్పగలగాలి.

ఇది కాలేజీ పాఠం కాదు, మన ప్రాణాల లెక్క. 1989 అత్యాచారాల నిరోధక చట్టంలో యావజ్జీవం వేసే సెక్షన్ ఒకటుంది. బాధితుడు ఫలానా కులంవాడైన కారణంగానే నేరం జరిగిందని రుజువు చేయమనేది. "పాత కక్ష, కులం కాదు" అంటే ఆ సెక్షన్ ఎగిరిపోయేది. 2015 సవరణ ఆ మాట మార్చింది. కులం తెలిసి చేశాడంటే చాలంది. ఒక్క 'కారణం' అనే మాట మీద ఇన్నేళ్ళ న్యాయం ఆగింది!

కాబట్టి ఊళ్ళకెళ్ళినప్పుడు తేదీలు రాయండి. ఏది ముందో ఏది వెనకో రాయండి. గొడవ జరగని ఊరికీ వెళ్ళండి. మన వాదానికి అడ్డొచ్చే సాక్ష్యాన్నీ దాచకుండా రాయండి.

కాలే కారణమైతే శాంతి కమిటీ వేస్తే సరి. భూమీ కులపెత్తనమూ కారణమైతే, కమిటీలతో పోయే జబ్బు కాదది. కారణం తప్పు చెప్పినవాడు మందూ తప్పే ఇస్తాడు. ఆ మందు తాగేది మనమే.

జై భీమ్!